సాళ్ల బీడు

పొద్దున లేస్తూనే ముక్కుకు కొంగు కట్టుకుని దుకాణం ఊడ్వడం షరీఫా మొదటి పని. గాలికి లేచి తిరిగిన దూది నలుసులు తెల్లారేసరికి గోడల మీద, దూలాల మీద, గడప మీద మెల్లగా దిగి ఉండేవి. వాటిని ఒక మూలకు ఊడ్చి ఎత్తబోయేసరికి హైదరాబాదు దిక్కు నుంచి విజయవాడ పోయే లారీ ఒకటి వచ్చి రయ్యిన వెళ్లేది. కుప్ప మొత్తం లేచి మళ్లీ గోడలెక్కేది.

"నీ లారీ ఇరుసు ఇరగ" అని తిట్టి షరీఫా మళ్లీ మొదలుపెట్టేది.

చిట్యాలలో రోడ్డుకు ఆనుకునే ఉంది వాళ్ల ఇల్లు. ముందు గది దుకాణం, వెనక రెండు గదులు కాపురం. షరీఫా భర్త మెహమూద్ విల్లుకు నరం బిగించి దూది ఏకేవాడు. అత్త ఇక్బాల్ బీ గడప పక్కన కూర్చుని దూదిలో గింజలు, పుల్లలు ఏరేది. పరుపులు, తలకింది మెత్తలు కుట్టడం షరీఫా వంతు. పెళ్లైన నాటి నుంచీ అంతే. వాళ్లు దూదేకులవాళ్లు, ఇంట్లో మాట్లాడేది తెలుగే.

మధ్యాహ్నం తిన్నాక ఒక గంట కునుకు తీయడం మెహమూద్‌కు అలవాటు. ఎనభై ఏడు ఎండాకాలంలో ఆ గంట కాస్తా రెండు గంటలైంది, తరువాత పొద్దుగుంకేదాకా సాగింది. పరుపుల కోసం వచ్చినవాళ్లు బయట నిలబడి పిలిచి పిలిచి పోయేవాళ్లు. షరీఫా భుజం పట్టి కుదిపితే లేచి కూర్చునేవాడు. కాళ్లనిండా దుమ్ము, అరికాళ్లు చీరుకుపోయి నెత్తురు. మొహం చూస్తే మైళ్లకొద్దీ పరుగెత్తినవాడిలా ఉండేది.

"ఏడికి పోతున్నవ్ రోజూ?" అని అడిగేది.

"ఏడికి లే" అని మొహం కడుక్కునేవాడు.

నిద్రపోతే సాళ్ల బీడుకు పోవడం ఆ దిక్కున ఎవరికీ వింత కాదు. సాలంటే నాగలి సాలూ అవును, సంవత్సరమూ అవును. అక్కడ గడిచిన సాళ్లన్నీ ఒకదాని పక్కన ఒకటి పరుచుకుని ఉంటాయి. కొన్ని ఎర్ర చెలకలు, కొన్ని నల్లరేగళ్లు, కొన్ని ఉత్త గుండ్లూ తంగేడు పొదలూ. డెబ్బై రెండు కరువు సాలు ఎంత నడిచినా తెగదు. అది దాటి వచ్చినవాళ్లను పెదవుల పగుళ్లు చూసి గుర్తుపట్టవచ్చు. రాబోయే సాళ్లు ఇంకా ఎవరూ దున్నలేదు కాబట్టి అటు చూసేందుకేమీ ఉండేది కాదు. పక్కింటి అండాలు రోజూ పోయి, చనిపోయిన తండ్రి తాటిచెట్టు గీస్తుంటే చెట్టు మొదట్లో కూర్చుని వచ్చేది. ఆయన ఆమెను చూడడు, పిలిస్తే వినడు. అక్కడి వాళ్లు ఎవరూ వినరు. పోవచ్చు, చూడవచ్చు, రావచ్చు. అంతే.

ఇంకొకటి కూడా అందరికీ తెలిసిందే. ఒకే మెత్త మీద తల పెట్టిన ఇద్దరూ ఒకే చోట తేలుతారు. ముందు నిద్రపోయిన మనిషి ఎటు పోతే రెండో మనిషీ అటే. కొత్తగా పెళ్లైనవాళ్లకు పొడుగు మెత్త కుట్టించి ఇచ్చేది అందుకే. షరీఫాకూ మెహమూద్‌కూ అట్లాంటి మెత్త ఉండేది. పెళ్లైన మూడేళ్లకు మెహమూద్ తనకొక చిన్న మెత్త కుట్టుకున్నాడు. మెడ నొస్తున్నదన్నాడు. ఆ మెడనొప్పి మళ్లీ తగ్గనే లేదు.

ఆ ఎండాకాలమే ఒకరోజు ముగ్గురూ జొన్నరొట్టె తింటుండగా ఇక్బాల్ బీ మాట తీసింది.

"ఆత్మకూరు రజాక్ కబురు పంపిండు. వాని మేనకోడలున్నది గదా, అజీజా. తల్లీ తండ్రీ లేని పిల్ల. ఇచ్చేటందుకు ఒప్పుకున్నడు. వచ్చే శుక్రారం మాట ఖాయం చేసుకపోను వస్తడట."

షరీఫా చేతిలో రొట్టె ముక్క అట్లాగే ఉండిపోయింది. ఈ మాట ఎప్పుడో ఒకప్పుడు వస్తుందని ఆమెకు తెలుసు. తొమ్మిదేళ్లుగా కడుపు పండలేదు. కానీ ఇట్లా రొట్టె మధ్యలో, ఆమె కూర్చుని ఉండగానే, ఆమెను గోడను చేసి మాట్లాడతారని అనుకోలేదు.

"షరీఫాను ఎల్లగొడ్తలేను" అన్నది ఇక్బాల్ బీ, గోడతో అన్నట్టే. "ఈమె ఈమె తీరుగనే ఉంటది. ఇంట్ల ఒక పసిపిల్ల ఏడుపు ఇనాలె గదా నేను పోయేలోపట."

షరీఫా భర్త వైపు చూసింది. "ఏమంటవ్?"

మెహమూద్ నీళ్లు తాగాడు. మళ్లీ తాగాడు. "నిద్రొస్తాంది" అని లేచి, చిన్న మెత్త చంకన పెట్టుకుని దూది కుప్ప మీదికి పోయాడు.

షరీఫాకు కంచం ఎత్తి అతని వెనక విసరాలనిపించింది. ఒక్క మాట. ఊ అనో, వద్దు అనో. ఊ అంటే ఏడ్చేది, వద్దంటే బతికేది. ఈ మనిషి ఏదీ అనడు. నల్గొండ దవాఖానలో డాక్టరమ్మ "నీకేం లోపం లేదు, మీ ఆయనను తీసుకురా" అని చెప్పిన రోజూ అంతే. "పోదాం తీ" అన్నాడు, పోలేదు. ఆమె గుర్తు చేసిన ప్రతిసారీ ఒక పరుపు తొందర పని ఉండేది, లేకపోతే నిద్ర.

మరునాడు అతను పడుకోగానే షరీఫా మెల్లగా పక్కన చేరి అతని మెత్త అంచున తల పెట్టింది. మెత్త మరీ చిన్నది. కన్ను మూతపడుతూనే తల జారింది. కళ్లు తెరిచేసరికి డెబ్బై రెండులో ఉంది, ఒక్కతే. గంజి కోసం వరుసలో నిలబడ్డ చిన్న షరీఫా గిన్నె నాకుతోంది. చుట్టూ నెర్రెలిచ్చిన నేల. మెహమూద్ జాడ లేదు. పిలిచి పిలిచి గొంతు ఎండిపోయింది. లేచేసరికి నోటినిండా దుమ్ము, అతను ఇంకా నిద్రలోనే ఉన్నాడు. కోపంతో ఆమెకు కళ్లనీళ్లు వచ్చాయి. ఈ మనిషిని చేరేందుకు మెత్తమీద కూడా జాగా లేదు.

ఆ సాయంత్రం మెహమూద్ బజారుకు పోయినప్పుడు చిన్న మెత్త కుట్టు విప్పి, దాని గుడ్డకే ఇంకొక గుడ్డ అతికి, దూది కూరి పొడుగు చేసింది. అడిగితే "ఎలుక కొట్టింది, అతుకేసిన" అన్నది. మెహమూద్ మెత్తను అటూ ఇటూ తిప్పి చూశాడు. ఏమీ అనలేదు. అతను ఏమీ అనకపోవడం ఆమెకు మొదటిసారి పనికొచ్చింది.

ఈసారి తల జారలేదు.

అది కొంత ఎరుపు, కొంత నలుపు కలిసిన సాలు. గట్టు వెంబడి బాట, బాట పక్కన తుమ్మచెట్లు. భుజాన విల్లు వేసుకుని ఒక పిల్లగాడు నడిచి వస్తున్నాడు. నూనూగు మీసం. రెండేళ్ల తరువాత తాను పెళ్లాడబోయే మనిషిని షరీఫా నడకను బట్టి గుర్తుపట్టింది. ఊరూరూ తిరిగి ఇంటింటా దూది ఏకే రోజులవి. డెబ్బై ఆరు, ఎమర్జెన్సీ సాలు.

వెనక నుంచి జీపు వచ్చి ఆగింది. ఇద్దరు మనుషులు దిగారు.

"పేరేంది? ఎక్కు."

"ఎందుకు సార్?"

"సూదిమందు. సర్కారు ఊకెనే ఇస్తాంది. ఎక్కరా."

"నాకింక లగ్గం కూడ కాలె సార్" అన్నాడు పిల్లగాడు. ఏదో విని ఉన్నాడు. అప్పట్లో అందరూ ఏదో ఒకటి వింటూనే ఉన్నారు. వాళ్లు అతని రెట్ట పట్టి ఎక్కించారు. విల్లు బాట మీద పడిపోయింది.

జీపు కదిలింది. అప్పుడు చూసింది షరీఫా. తుమ్మచెట్ల వెనక నుంచి ఇప్పటి మెహమూద్, తలలో తెల్లవెంట్రుకలున్న మెహమూద్, జీపు వెంట పరుగెత్తుతున్నాడు. "దిగురా! ఒరేయ్, దునుకు! దునుకురా!" అని అరుస్తున్నాడు. జీపు వెనక కూర్చున్న పిల్లగాడు అతని మొహంలోకే చూస్తున్నాడు కానీ అతన్ని చూడడం లేదు. రాళ్లు తగిలి మెహమూద్ పడ్డాడు, లేచాడు, మళ్లీ ఉరికాడు. జీపు ఒక బడి ముందర ఆగింది. బడిలో పిల్లలు లేరు. బల్లలన్నీ కలిపి మంచాలు చేశారు. తలుపు మూసుకుంది. మెహమూద్ ఆ తలుపును రెండు చేతులా గుద్దుతూనే ఉన్నాడు.

పొద్దు వంగినాక పిల్లగాడు కాళ్లు ఎడంగా పెట్టుకుంటూ బయటికి వచ్చాడు. చేతిలో ఒక నెయ్యి డబ్బా ఉంది.

షరీఫా లేచి కూర్చుంది. కొంగునిండా పల్లేరుకాయలు. పక్కన మెహమూద్ కూడా కళ్లు తెరిచాడు. ఆమె ఒక్కొక్క పల్లేరుకాయనూ తీసి అతని ముందర పెట్టింది.

"నేను చూసిన" అన్నది.

మెహమూద్ ఆ పల్లేరుకాయలను అరచేతిలోకి ఎత్తుకున్నాడు.

"మొదట్ల నాకే తెల్వది" అన్నాడు మెహమూద్ చివరికి. "సూదిమందనే అనుకున్న. పుండు మానింది, మర్చిపోయిన. లగ్గమైన మూడేండ్లకు ఒక కంపౌండర్ మచ్చ చూసి, పిల్లలు కాకుండ కోసిన్రని చెప్పిండు."

"మరి నాకు చెప్పాలె గదా."

"చెప్దామనే చేస్తున్న. వాన్ని ఒక్కసారి ఆపిన్ననుకో, ఇగ చెప్పే పనే ఉండదు గదా."

"ఎవరన్న ఆపిన్రా ఎప్పుడన్న? ఆడ ఎవరన్న ఇన్నరా?"

"ఇంటడేమోనని..." అన్నాడు. "నా గొంతే గదా షరీఫా. వానిది నా గొంతే."

ఆమెకు ఒక్క క్షణం జాలి కలిగింది. వెంటనే కోపం వచ్చి ఆ జాలిని తొక్కేసింది. పిల్లల కోసం మొక్కి గుట్టలెక్కిన మోకాళ్లు గుర్తొచ్చాయి. తాగిన కషాయాలు గుర్తొచ్చాయి. "వానికి కాదు, మీ అమ్మకు ఇనబడేటట్టు ఒర్లు" అన్నది. "శుక్రారం ఇంకో పిల్ల గొంతు కోస్తున్నరు. ఆ పిల్లను గూడ తొమ్మిదేండ్లు గుట్టలెక్కిస్తవా?"

"అమ్మకు చెప్తే సచ్చిపోతది."

"నేను సావలేదా?"

మెహమూద్ లేచి విల్లు అందుకున్నాడు. ఆ రోజు పొద్దుగుంకేదాకా ఏకాడు. ఏకిన దూదినే మళ్లీ ఏకాడు. బుధవారం పోయింది, గురువారం వచ్చింది. తల్లి ఎదుట రెండుసార్లు నోరు తెరిచాడు. ఒకసారి "అమ్మా, చుట్ట ఉన్నదా" అన్నాడు. రెండోసారి అదీ అనలేదు. మధ్యాహ్నం కాగానే పొడుగు మెత్తను వదిలేసి ఒట్టి దూది మీదే తల పెట్టి పడుకున్నాడు.

అది చూశాక షరీఫా ఆ మెత్త తీసుకుని వెనక గదిలోకి పోయింది.

"అత్తమ్మా, తల నొస్తున్నదంటివి గదా. నూనె పెడ్త, జర పండుకో."

ఇక్బాల్ బీ అనుమానంగా చూసింది. సవతి రాబోతున్న కోడలు తలకు నూనె పెడతాననడం ఆమెకు కొత్తగా ఉంది. అయినా పడుకుంది. షరీఫా నూనె అద్ది, తల మర్దన చేస్తూ చేస్తూ తానూ పక్కకు ఒరిగింది. రెండు రాత్రులుగా కంటి మీద కునుకు లేని మనిషి. ముందు షరీఫాకే నిద్ర పట్టింది.

తుమ్మచెట్ల కింద ఇద్దరూ నిలబడ్డారు.

"గీడికెందుకు తెచ్చినవే?" అన్నది ఇక్బాల్ బీ. ఆ తరువాత కొడుకు నడిచి రావడం చూసి ఆమె మొహం వెలిగింది. "అయ్యో, నా బిడ్డ ఎంత సన్నగున్నడో అప్పుడు..."

జీపు వచ్చింది. షరీఫా ఏదీ విప్పి చెప్పవలసిన అవసరం లేకపోయింది. బడి తలుపు మూసుకున్నాక ముసలామె మట్టిలో చతికిలబడింది. పిల్లగాడు బయటికి వచ్చినప్పుడు అతని మొహం కంటే ముందు అతని చేతిలోని డబ్బాను చూసింది.

"ఆ నెయ్యి" అన్నది. "సర్కారోళ్లు పంచిన్రన్నడు. ఆ నెయ్యితోనే పులావ్ వండిన. ఇంటింటికి పంచిన. ఇంకో డబ్బా దొరికితే తెమ్మని చెప్పిన."

తలుపు గుద్ది గుద్ది అలిసిపోయిన ఇప్పటి మెహమూద్ అప్పుడే వెనక్కు తిరిగాడు. ఎదురుగా తల్లి, భార్య. అతని చేతులు గాలిలో అట్లాగే ఆగిపోయాయి. ఇన్నేళ్లుగా ఆ బీడులో అతని వైపు చూసినవాళ్లు ఎవరూ లేరు. ఇప్పుడు ఇద్దరు చూస్తున్నారు.

ఇక్బాల్ బీ లేవబోయి లేవలేక కొడుకు వైపు చేయి చాపింది. "పా బిడ్డా, ఇంటికి పోదాం."

అక్కడి నుంచి రావాలంటే మెలకువ వస్తే చాలు. కానీ షరీఫా ఇద్దరి చేతులూ గట్టిగా పట్టుకుంది.

"నడిచే పోదాం" అన్నది.

డెబ్బై ఆరుకూ ఎనభై ఏడుకూ మధ్య ఉన్నవన్నీ ఆమె సాళ్లే. పెళ్లినాడు కొంచెం పచ్చిక. ఆ తరువాత అంతా మొరం, పగులగొట్టిన కంకర. ముగ్గురి కాళ్లకూ చెప్పులు లేవు. ఒకచోట షరీఫా మోకాళ్ల మీద లతీఫ్ సాబు దర్గా గుట్ట ఎక్కుతోంది, కింద మెహమూద్ గొడుగు పట్టుకుని నిలబడి ఉన్నాడు. ఇంకొకచోట అండాలు బిడ్డ సీమంతం. షరీఫా గాజుల పళ్లెం అందుకోబోతే ఎవరో నవ్వుతూనే దాన్ని పక్కకు జరిపారు. ముందుకు పోయాక తమ ఇంటి గడపే ఎదురైంది. పండుగ పొద్దు. కొత్త చీర కట్టుకుని షరీఫా వాకిట్లోకి వస్తోంది. గడప మీద కూర్చున్న ఇక్బాల్ బీ మొహం తిప్పుకుని, "పొద్దుపొద్దున్నే గొడ్డుదాని మొకం" అంటోంది.

నడుస్తున్న ఇక్బాల్ బీ ఆ మాట దగ్గర ఆగిపోయింది. ఆమె అరికాళ్లు నెత్తురు కారుతున్నాయి. మెహమూద్ ఆమెను ఎత్తుకోవడానికి వంగాడు.

"నడువనియ్యి" అన్నది షరీఫా.

"నడుస్త" అన్నది ఇక్బాల్ బీ.

లేచేసరికి ముసలామె పక్కనిండా ఎర్రటి మొరం. ఆమె గోడకు ఆనుకుని కూర్చుని, అరికాలిలో దిగిన కంకరను ఒక్కొక్కటే పిన్నీసుతో తీసుకుంది. షరీఫా సాయం చేయబోతే వద్దంది. రాత్రి అన్నం కూడా తినలేదు.

శుక్రవారం రజాక్ వచ్చాడు. అత్తరు పూసుకుని, మిఠాయి పొట్లం పట్టుకుని. దుకాణంలో పరుపు కోసం వచ్చిన చాయ్ హోటల్ సాయిలు ఉన్నాడు. గింజలు ఏరుకునే సాకుతో అండాలు వచ్చి కూర్చుంది. ఏం జరుగుతుందో చూడాలని ఆమెకు.

"రజాక్ భాయ్, ఏమనుకోకు" అన్నది ఇక్బాల్ బీ కుంటుకుంటూ వచ్చి. "ఈ మాట ఇడిసిపెడ్దాం. మాకు ఇప్పుడు అనువుగ లేదు..."

"అనువుగ లేదంటే ఏంది? పిలిపించుకున్నది మీరు" రజాక్ గొంతు లేచింది. "మా పిల్లల ఏం లోపం జూసిన్రు?"

ఇక్బాల్ బీ కొడుకు వైపు చూసింది. కొడుకు పరువు ఒక దిక్కు గుంజుతోంది, నిన్న నడిచిన దారి ఒక దిక్కు గుంజుతోంది. షరీఫా గోడ వైపు తిరిగి పరుపు కుడుతోంది. తొమ్మిదేళ్లు అనిపించుకున్నది చాలు. ఇప్పుడు అనవలసింది ఆమె కాదు.

ఏకుతున్న విల్లు ఆగింది.

"పిల్లల లోపం లేదు" అన్నాడు మెహమూద్. "నాకు ఆపరేషన్ చేసిన్రు, లగ్గం కాకముందే. నాకు పిల్లలు పుట్టరు. షరీఫాకు ఏ లోపం లేదు. నాకు ఎరుకే. ఎరికై కూడ చెప్పలే."

సాయిలు నేల చూపులు చూశాడు. అండాలు చేతిలో గింజలు జారిపోయాయి. రజాక్ మిఠాయి పొట్లం తీసుకుని, బస్సు అందుకోవడానికి పోయాడు.

అంతటితో షరీఫా మనసు చల్లబడిందని చెప్పడానికి లేదు. మెహమూద్ వచ్చి ఎదుట నిలబడితే "చాలా పొద్దు పోయింది" అన్నది. సాయంత్రమైందన్న అర్థంలో కాదు. తరువాతి నెలలో అండాలు మనవరాలి పేరు పెట్టే పండుగకు పిలవడానికి వచ్చి, "పిల్లను నువ్వే తొట్లెల ఎయ్యాలె వదినె" అంటే, "నాకు కుట్టుపని ఉన్నది" అని సూది ఎక్కించుకుంది. మెహమూద్ ఇప్పుడు మధ్యాహ్నాలు పడుకోవడం మానేశాడు. పొడుగు మెత్త అటకెక్కింది. ఇద్దరి మధ్యా పనిమాటలే. దారం తెచ్చినవా, తెచ్చిన. రొట్టె చేసినవా, చేసిన. ఇక్బాల్ బీ మాత్రం పొద్దున్నే షరీఫా వాకిట్లోకి వచ్చేదాకా గడప మీద కూర్చుని, ఆమె మొహం చూశాకే లేచి పోయేది. ఆమె కుంటు పోలేదు.

వానలు మొదలైనాక ఒక పగటిపూట, ఎర్రబస్సు దిగి ఒక అమ్మాయి రోడ్డు దాటి వచ్చింది. చేతిలో బట్టల మూట, బురద కాళ్లు. దుకాణం ముందర నిలబడి ముగ్గురినీ చూసి, చివరికి షరీఫా దగ్గర చూపు నిలిపింది.

"షరీఫక్క నువ్వేనా?"

"నేనే. ఎవరు బిడ్డా నువ్వు?"

"అజీజాను. ఆత్మకూరు. రజాక్ మామ మేనకోడలిని."

మెహమూద్ విల్లు కింద పెట్టాడు. ఇక్బాల్ బీ గోడ పట్టుకుని లేచింది.

"మామ నన్ను ఇంకో ముసలాయినకు ఇస్తనంటున్నడు" అన్నది అజీజా. నేర్చుకుని వచ్చిన మాటల్లా ఒక్క ఊపిరిలో చెప్పేసింది. "మీ మీద కోపంతోని మామ ఇంట్ల రోజు తిట్టేటోడు. ఎసుంటి మొగోడే, పది మంది ముందట లోపం నాదే అన్నడు, సిగ్గు లేకుంట అని. అది ఇనీ ఇనీ నాకు గీ ఇల్లు యాదికుండిపోయింది. నిజం చెప్పే ఇల్లు నాకు ఇంకోటి తెల్వది. అక్కా, నీకు సవతిగ రావాల్సినదాన్ని. పనికి వచ్చిన. కుట్టుడు నేర్పుతవా?"

ఇక్బాల్ బీ నోరు తెరవబోయి కోడలి వైపు చూసింది. మెహమూద్ కూడా ఆమె వైపే చూశాడు. ఆ ఇంట్లో ఒక మాట కోసం ఇద్దరూ ఆమె మొహంలోకి చూడడం అదే మొదలు.

షరీఫా ఆ పిల్లను పైనుంచి కిందిదాకా చూసింది. చెవులకు ఏమీ లేవు. పెదవులు ఎండి ఉన్నాయి. చూపు మాత్రం కదలలేదు.

"తిన్నవా?" అని అడిగింది.

"పొద్దున్నుంచి లే."

షరీఫా సూదిని పరుపుకు గుచ్చి లేచింది. "కాళ్లు కడుక్కొని రా. రొట్టె పెడ్త" అని, పొయ్యి దగ్గరికి పోతూ పోతూ ఆగి, తొమ్మిదేళ్లలో మొదటిసారి భర్తకు ఒక పని పురమాయించింది. "నువ్ పోయి పిల్లకు ఒక మంచం చూసి పట్టుకరా. ఊకె నిలబడకు."

మెహమూద్ చెప్పులు కూడా వేసుకోకుండా వానలోకి పోయాడు.